కట్టాయా, కట్టలేదా?

విరేచనాలు పట్టుకుంటే మనకు ముందు గుర్తొచ్చేది పేగు కాదు, ప్రయాణం. రాత్రికి బస్సు, పొద్దున్నే ముహూర్తం. అందుకని మెడికల్ షాపు కౌంటర్ మీదికి వంగి, పక్కవాళ్లకు వినపడకుండా ‘అన్నా, మోషన్స్ కట్టడానికి ఏదైనా ఇవ్వు’ అంటాం. జ్వరముందా, నెత్తురు పడుతోందా అని అన్న అడగడు. కత్తెర తీసి నాలుగు లోపరమైడ్ మాత్రలు కత్తిరిస్తాడు. ఎందుకైనా మంచిదని ఓ యాంటీబయాటిక్ కూడా జతచేస్తాడు.

లోపరమైడ్ నల్లమందు వంశానికి చెందిన పెద్దమనిషి. మామూలు మోతాదులో మెదడు జోలికి పోదు, పేగుల కదలికను మందగింపజేస్తుంది. లోపలికొచ్చిన క్రిమిని చంపదు, పోయిన ఉప్పునూ నీటినీ తిరిగి తేదు. అయినా మళ్లీ చెంబు పట్టుకోవాల్సిన పని లేకపోతే చాలు, రోగం కుదిరిందని ప్రకటించేస్తాం.

జ్వరం, నెత్తురు లేని పెద్దవాళ్లకు ఒకటి రెండు రోజులు ఇది పనికొస్తుంది, కాదనను. మన బస్సుల్లో ప్రయాణించేవాడెవడూ దాన్ని పూర్తిగా తిట్టలేడు. కానీ జ్వరంతో, రక్త విరేచనాలతో ఉన్నవాడికి ఇవ్వడమంటే బయటికి పోవాల్సిన సరుకును లోపలే నిలవ పెట్టడం. పసిపిల్లల సంగతి ఇంకా ఘోరం. 1990 ప్రాంతంలో పాకిస్తాన్‌లో లోపరమైడ్ చుక్కలు వేసిన పసివాళ్లు కొందరు పేగులు స్తంభించి చనిపోయాక, కంపెనీ ఆ చుక్కల మందును వెనక్కి తీసుకుంది. పిల్లల విరేచనాలకు ఇలాంటి మందులు వద్దని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెబుతూనే ఉంది. మన నానమ్మ మాత్రం మాత్రను విరిచి తేనెలో అరగదీస్తూనే ఉంటుంది: ‘సగమేగా!’

అసలు మందు ఓఆర్ఎస్ అదే షాపులో దుమ్ము కొట్టుకుపోయి ఉంటుంది. 1971లో బంగ్లాదేశ్ కాందిశీకులతో కిక్కిరిసిన బనగావ్‌లో కలరా ప్రబలి, సెలైన్ నిండుకుంటే, డాక్టర్ దిలీప్ మహలనబిస్ ఉప్పూ గ్లూకోజూ కలిపిన నీళ్లు తాగించాడు. 30 శాతం దాకా ఉన్న మరణాలు 4 శాతం లోపుకి దిగాయి. దేశం ఆయనకు పద్మవిభూషణ్ ఇచ్చింది కూడా, 2023లో, ఆయన పోయాక.

పాపం ఓఆర్ఎస్‌కి ఒకటే లోపం, విరేచనాలను కట్టదు. మనిషిని బతికించి ఊరుకుంటుంది. అలాంటిదానికి మర్యాదెక్కడిది? పైగా చవక. లీటరు నీళ్లలో కలపమంటే, అంత ఎవడు తాగుతాడని ప్యాకెట్ మొత్తం గ్లాసులో గుమ్మరించే తెలివీ మనదే.

మర్యాదంతా ఆ మూడక్షరాలను పేరులో తగిలించుకున్న పంచదార నీళ్లకే దక్కింది. హైదరాబాద్ పిల్లల డాక్టరు శివరంజని సంతోష్ ఏళ్ల తరబడి పోరాడితే, 2025 అక్టోబరులో గానీ ఆహార భద్రతా సంస్థ ఆ పేర్లు తీసేయమనలేదు. అన్న ఆ డబ్బాను మాత్రం అడక్కుండానే చేతిలో పెట్టేవాడు. స్ట్రా కూడా ఉండేది మరి!