కొన్న పొలం మీ పేరుకెక్కాలంటే: కొత్త హక్కుదారులకు సూచనలు

రిజిస్ట్రేషన్ అయింది. స్టాంపు డ్యూటీ కట్టారు, వేలిముద్రలు వేశారు, ఊళ్లో మిఠాయి పంచారు. సంతోషం. అయితే మీరు పొలం కొన్న సంగతి ఇంకా సబ్‌రిజిస్ట్రారుకే తెలుసు. రెవెన్యూ వారి లెక్కలో అది అమ్మినాయనదే. ఈ లెక్క సరిచేయడమే మ్యుటేషన్. ఆంధ్రప్రదేశ్‌లో ఆ గండం గట్టెక్కడానికి ఈ సూచనలు పాటించండి.

1. చట్టం చదివి మురిసిపోండి. 1971 నాటి పాసుపుస్తకాల చట్టం ప్రకారం, హక్కు వచ్చిన 90 రోజుల్లో మీరు రెవెన్యూ వారికి తెలియజేయాలి. రిజిస్టరు చేసిన అధికారి కూడా తెలియజేయాలి. ఒక ఆఫీసు ఇంకో ఆఫీసుకు కబురు చేస్తుందని చట్టమే చెప్పింది కాబట్టి నిశ్చింతగా ఉండండి. ఎందుకైనా మంచిది, జిరాక్సులు మాత్రం మీరే పట్టుకెళ్లండి.

2. కాగితాలు సేకరించండి. దస్తావేజు, లింకు డాక్యుమెంట్లు, ఈసీ, 1-బి (హక్కుదారుల పేర్లుండే రెవెన్యూ రికార్డు), అడంగల్. ఇవన్నీ ప్రభుత్వం దగ్గరే ఉంటాయి. రుసుము కట్టి అక్కడినుంచి తెచ్చుకుని, మళ్లీ రుసుము కట్టి మీసేవలో ప్రభుత్వానికే ఇవ్వాలి. రసీదును లామినేషన్ చేయించండి. చాలాకాలం మన్నాలి.

3. అడిగే పద్ధతి నేర్చుకోండి. "ఎప్పుడవుతుందండీ?" అనడం మర్యాద కాదు. "ఎవరి లాగిన్‌లో ఉందండీ?" అనాలి. వీఆర్వో గారు ఆర్‌ఐ లాగిన్‌లో ఉందంటారు. ఆర్‌ఐ గారు తహసీల్దారు లాగిన్‌కు పంపేశామంటారు. తహసీల్దారు గారు వీడియో కాన్ఫరెన్సులో ఉంటారు. ఆయన బయటికొచ్చేసరికి సర్వర్ ఉండదు. సర్వర్ వచ్చేసరికి ఆయనకు బదిలీ.

4. అమ్మినాయన ఆరోగ్యం కాపాడండి. అన్నిటికన్నా ముఖ్యమైన సూచన ఇదే. రికార్డు మారేదాకా పంట రుణం పుట్టేది ఆయన పేరుమీదే. పంట నష్టం రాసుకునేవాళ్లు వెతికేదీ ఆయన పేరే. ఆయనకేమైనా అయితే, 1-బిలో నాన్నగారి పేరు చూసిన కొడుకులకు పొలంమీద కొత్తగా ప్రేమ పుట్టవచ్చు. అందుకే వారానికోసారి ఫోన్ చేయండి: "బాబాయ్, బీపీ బిళ్లలు వేసుకుంటున్నావా? బండి మీద దూరాలు తిరగమాకు." సొంత బాబాయిని పలకరించి ఎన్నాళ్లయిందో తర్వాత ఆలోచించవచ్చు.

5. చుక్కలను గౌరవించండి. బ్రిటిషు కాలపు రీసెటిల్‌మెంట్ రిజిస్టరులో కొన్ని సర్వే నంబర్ల ఎదుట పట్టాదారు పేరుండాల్సిన గడిలో చుక్కలుంటాయి. ఆ చుక్కలు చెరపడానికి 2017లో ప్రత్యేకంగా చట్టమే చేయాల్సి వచ్చింది. మీ నంబరు ఎదుట చుక్క కనిపిస్తే కోపగించుకోకండి. పొలంమీద హక్కు విషయంలో అది మీకన్నా సీనియరు.

6. కొత్త నంబరుకు అలవాటుపడండి. రీసర్వే జరిగిన ఊరైతే సర్వే నంబరు పోయి ఎల్‌పీఎం (ల్యాండ్ పార్శిల్ మ్యాప్) నంబరు వచ్చి ఉంటుంది. దస్తావేజులో ఎకరం, రికార్డులో తొంభై ఆరు సెంట్లు ఉండవచ్చు. ఆ నాలుగు సెంట్లు ఏమయ్యాయని అడిగితే సర్వేయరుకు దరఖాస్తు పెట్టమంటారు. దానికి వేరే రసీదు. అదీ లామినేషన్ చేయించండి.

7. అప్పీలుకు తొందరపడకండి. తహసీల్దారు ఉత్తర్వు నచ్చకపోతే 60 రోజుల్లో ఆర్డీవోకు అప్పీలు చేసుకోవచ్చు. కాదంటూ ఒక ఉత్తర్విస్తేనే కదా అప్పీలు! కాదనీ అవుననీ అనని అర్జీకి అప్పీలు లేదు. మిమ్మల్ని కోర్టు ఖర్చుల నుంచి కాపాడేందుకే ఫైలును అలా ఉంచారని గ్రహించండి.

8. సోమవారం కలెక్టరేటుకు వెళ్లండి. గ్రీవెన్సులో అర్జీ ఇస్తే, విచారణకు అదే తహసీల్దారు కార్యాలయానికి వస్తుంది. కొద్దిరోజులకు మీ ఫోనుకు సందేశం: "మీ అర్జీ పరిష్కరించబడింది." పరుగున వెళ్లి 1-బి తీయండి. అమ్మినాయన పేరు చెక్కుచెదరకుండా ఉంటుంది. పరిష్కారమైంది అర్జీయే, మీ పని కాదు. ఇంకో అర్జీ పెట్టండి, అదీ పరిష్కారమవుతుంది. మీరు ఎన్ని పెడితే జిల్లా అంత ముందుకు పోతుంది.