చెయ్యెత్తే మాస్టారు

విశాఖపట్నంలో బాక్సింగు పోటీలు ఎక్కడ జరిగినా తెల్ల చొక్కా తొడిగి, మెడలో నల్ల బో కట్టుకున్న ఒక పెద్దమనిషి కనిపిస్తారు. ఆయనే రిఫరీ మాస్టారు. నిజామాబాదులోనూ ఉంటారు, హైదరాబాదులోనూ ఉంటారు. పేర్లు వేరు, ముక్కు మాత్రం అన్నిచోట్లా ఒకటే: కాస్త పక్కకి తిరిగి ఉంటుంది. కుర్రతనంలో ఆయనా గ్లవ్స్ తొడిగినవారే. "జిల్లా స్థాయిలో ఆడాను" అంటారు గాని, గెలిచానని ఎప్పుడూ అనగా వినలేదు.

వారమంతా గుమాస్తాగిరీ, పోటీలప్పుడు రిఫరీగిరీ. "బాక్సింగు పోటీలకై సెలవు" అని రాసిస్తే హెడ్ క్లర్కు ఆయన్ని కిందనించి పైదాకా చూసి, "మీరా?" అన్నాట్ట. జిల్లా, రాష్ట్రం, దేశం అంటూ ఒక్కో మెట్టుకీ పరీక్షలు రాసి పైకెక్కాలి. అంతర్జాతీయ స్థాయికి వెళ్తే హోటళ్ళకిచ్చినట్టు ఒకటి, రెండు, మూడు స్టార్లిస్తారు. మాస్టారికి ఇంకా స్టారు రాలేదు. రైల్లో సైడ్ అప్పర్ బెర్తు మాత్రం ప్రతిసారీ వస్తుంది. చేతికొచ్చే డీఏ తిరుగు ప్రయాణంలో టిఫిన్లకి సరి.

రింగులో ఆయన మాటలు మూడే: స్టాప్, బాక్స్, బ్రేక్. మిగతాదంతా అభినయం. ఒక కుర్రాడు ఎదుటివాణ్ణి వాటేసుకున్నాడనుకోండి, ఆట ఆపి మాస్టారు గాలిని వాటేసుకుని చూపిస్తారు. తలతో పొడిస్తే తానూ తల వంచి పొడిచి చూపిస్తారు. నడుం కింద కొడితే తన బెల్టు కింద పిడికిలి పెట్టి చూపిస్తారు. అంతా చేసి జడ్జీల వైపు తిరిగి సైగ చేస్తారు. కొత్తగా వచ్చినవాళ్ళు నేరం చేసింది ఈయనేననుకుంటారు. ఒకే కుర్రాడికి మూడో వార్నింగు పడిందా, వాడిక బట్టలు సర్దుకోవచ్చు.

కుర్రాడు పడిపోతే అసలు పని మొదలు. రెండోవాణ్ణి న్యూట్రల్ కార్నర్‌కి తోలి, పడినవాడి మొహం ముందు వేళ్ళు చూపిస్తూ లెక్కపెడతారు. రెండు అనేసరికే వాడు లేచి "బానే ఉన్నా సార్" అన్నా సరే, ఎనిమిది దాకా లెక్క ఆగదు. ఆ కాసేపూ మాస్టారి చూపు వాడి కళ్ళలోనే. చూపు నిలవడం లేదనిపిస్తే రెండు చేతులూ అడ్డంగా ఊపి పోటీ ఆపేస్తారు. వెంటనే గ్యాలరీలోంచి కుర్రాడి మేనమామ లేస్తాడు: "ఏం మాస్టారూ, కళ్ళజోడు మర్చిపోయారా?" మర్చిపోలేదు నాయనా, కళ్ళజోడుతో రింగులోకి రాకూడదని రూలు.

ఇంకో తమాషా ఉంది. అమెచ్యూరు బాక్సింగులో రిఫరీ మార్కులు వెయ్యడు. రింగు చుట్టూ కూర్చున్న అయిదుగురు జడ్జీలు వేస్తారు. మాస్టారు ఇద్దరి చేతులూ పట్టుకుని మధ్యలో నిలబడి, మైకులో ఎరుపనో నీలమనో వినగానే ఆ చెయ్యి ఎత్తుతారు. ఎవరు గెలిచారో ఆయనకీ అప్పుడే తెలుస్తుంది. తిట్లు మాత్రం చెయ్యెత్తినవారికే.

తిట్లు పడ్డ రోజు రాత్రి మాస్టారు సియోల్ పురాణం విప్పుతారు. 1988 ఒలింపిక్స్‌లో కొరియా కుర్రాడు బ్యున్ జాంగ్ ఇల్ ఓడిపోతే, ఆ దేశం వాళ్ళు రింగులోకెక్కి న్యూజీలాండ్ రిఫరీ కీత్ వాకర్ మీద పడ్డారు. బ్యున్ 67 నిమిషాలు రింగులోనే కూర్చుండిపోయాడు. చివరికి లైట్లార్పేశారు. అక్కడే అమెరికా కుర్రాడు రాయ్ జోన్స్ ఇంకో కొరియా కుర్రాణ్ణి చితక్కొట్టినా, జడ్జీలు 3-2తో గెలుపు కొరియా వాడికే ఇచ్చేశారు. ఇది నమ్మలేకపోతున్నానని ఆ పోటీ రిఫరీయే జోన్స్‌తో అన్నాడంటారు. "చూశారా, చెయ్యెత్తినాయనకే నచ్చలేదు!" అని మాస్టారు ముగిస్తారు. అప్పటికి వింటున్నది ఆయనొక్కరే.

ఇంట్లోనూ ఇదే ఉద్యోగం. అత్తాకోడళ్ళ మధ్య మాట ముదిరితే మాస్టారు "బ్రేక్!" అంటారు. ఇద్దరూ చెరో అడుగు వెనక్కేస్తారు, అలవాటు. "ఇంతకీ తప్పెవరిదో చెప్పండి" అని వాళ్ళావిడ నిలదీస్తే, "నిర్ణయం జడ్జీలది" అని పేపరు అడ్డం పెట్టుకుంటారు. ఆ జడ్జీలెవరో ఇప్పటికీ తేలలేదు. ఆవిడ మాత్రం పోటీ నుంచి వచ్చిన తెల్ల చొక్కా మీద ఏ ఊరి పిల్లాడిదో రక్తపు మరక చూసి, నోరెత్తకుండా చన్నీళ్ళలో నానబెడుతుంది.

మాస్టారి ఖాతాలో కప్పులుండవు, పతకాలుండవు. ఆయన సమయానికి ఆపబట్టి మర్నాడు లేచి బడికెళ్ళిన పిల్లలుంటారు, అంతే. కాబట్టి మీవాడు ఓడిన రోజున మాస్టారిని వదిలెయ్యండి. మరీ తిట్టాలనిపిస్తే రింగు చుట్టూ అయిదుగురు కూర్చునే ఉంటారు, తలా కాస్త పంచండి.