ఆఖరి రీలు

నేను 'మూగమనసులు' ప్రింటులో ఆఖరి రీలుని. వెయ్యి అడుగుల పొడవు. సెకనుకి 24 బొమ్మల చొప్పున తిరిగితే 11 నిమిషాల బతుకు. గాలివాన, గోదారి సుడి, మునిగే పడవ, గోపీ రాధల చావు నా వాటాకొచ్చాయి.

మొదటి రీల్లో కొత్త పెళ్ళికొడుకు పెళ్ళాంతో పడవలో పోతూ సుడి దగ్గర ఉలిక్కిపడతాడట. పోయిన జన్మ గుర్తొస్తుందట. నేను చూడలేదు. ఒకే పెట్టెలో పక్కపక్కనే పడుకున్నా ఏ రీలుకైనా దాని ముక్కే తెలుసు. పడవవాడు గోపి రాధకి పువ్వు ఇస్తాడనీ, 'అమ్మాయిగారూ' అంటాడే గానీ మనసులో మాట పైకి అనడనీ నడిమి రీళ్ళ నోట విన్నదే.

1964లో ఆదుర్తి సుబ్బారావు గారి చేతిలో పుట్టినప్పుడు ఒంటిమీద గీత లేదు. తర్వాత టూరింగు టాకీసులు తగిలాయి. రెండూళ్ళ హాళ్ళు ఒకే ప్రింటుతో ఆట నడిపేవి. ఇక్కడ తిరిగిన రీలుని కుర్రాడు సైకిలు క్యారేజీకి కట్టుకుని పక్క ఊరికి తొక్కేవాడు. టైరు పంక్చరయితే గోపీ రాధలు ఇంకో అరగంట బతికేవారు. నేల టిక్కెట్టువాళ్ళు మాత్రం ఆపరేటరు వంశాన్నంతా తలచుకునేవారు.

మిషన్లో తెగితే ఆపరేటరు బ్లేడుతో నా కొసన మందు గీకి, ఫిలిం సిమెంటు పూసి, రెండో కొస పైన పెట్టి బొటనవేలితో అదిమేవాడు. అతుక్కో బొమ్మో రెండో పోయేవి. ఒకడయితే రాధ వేషం కట్టిన సావిత్రి ముఖమున్న నాలుగు బొమ్మలు కత్తిరించి అగ్గిపెట్టెలో దాచుకున్నాడు. ఆ రోజునుంచీ తెరమీద రాధ తల ఠక్కున ఇటునుంచి అటు గెంతేది. వాణ్ణేమీ అనను. రోజుకి రెండాటలు చూసి కూడా ఆ ముఖం చాలలేదంటే ఏమంటాం?

జన్మ మారినా ప్రేమ మరుపుకి రాదంటుంది కథ. జనం గోపీ రాధల కోసమే ఏడ్చారు. నాకయితే జాలంతా గౌరి మీదే. వాళ్ళిద్దరూ నీళ్ళలో పడి మళ్ళీ పుట్టారు, పెళ్ళి కూడా చేసుకున్నారు. గోపి మీద మనసుపడి దక్కించుకోలేకపోయిన గౌరి మాత్రం అదే ఒంటితో ముసలిదై, వాళ్ళ సమాధుల్ని కనిపెట్టుకుని కూర్చుంది. మరిచిపోయే వీలు లేనిది ఆమెకే. 1967లో ఆదుర్తి గారే ఈ సినిమాని హిందీలో 'మిలన్'గా తీశారు. గోపీ రాధల జాగాలోకి సునీల్ దత్, నూతన్ వచ్చారు. గౌరిగా మళ్ళీ జమునే. ప్రేమికులకి ఒళ్ళు మారింది, గౌరికి మారలేదు! ఆ వేషానికి జమున గారికి ఫిలింఫేర్ వచ్చిందిలెండి, అదొక్కటీ న్యాయం.

నలుపు తెలుపు ఫిలింలో వెండి ఉంటుంది. ఆటలు తగ్గాక పాత ప్రింట్లు కాటాకెక్కాయి. మా పెట్టెనీ పట్టుకుపోయారు, కడిగి వెండి తీయడానికి. అలవాటు ప్రకారం నేను పక్క ఊళ్ళో ఉండిపోయాను, అందుకే మిగిలాను. మొదటి రీలు వెండి ఏ పిల్ల కాలి పట్టీలయిందో ఏమో. పునర్జన్మంటే అదేనంటే మాటలు రాసిన ఆత్రేయ గారు కూడా కాదనరు.