చెమట పట్టని బనియన్లు

అమెరికాలో బాస్కెట్‌బాల్ ఆట చూడబోయే అభిమాని ఏ బట్టలు వేసుకోవాలన్న ప్రశ్నకు అక్కడి దుకాణాలు, ఫ్యాషన్ పత్రికలు, సాటి అభిమానులు కూడబలుక్కున్నట్టు ఒకే జవాబు చెబుతారు: జట్టు జెర్సీ వేసుకోవాలి, అది లేనివాడు కనీసం జట్టు రంగైనా ఒంటిమీద ఉంచుకోవాలి, రెండూ లేకుండా వచ్చినవాడు టికెట్టు కొన్నా అభిమాని కిందికి రాడు. జెర్సీ అంటే ఆటగాడు కోర్టులో వేసుకునే, చేతుల్లేని, ముందు జట్టు పేరూ వెనక ఆటగాడి పేరూ నంబరూ ఉండే పైవస్త్రం. తెలుగు ఇళ్ళలో దీనికి దగ్గరి చుట్టం బనియను. ఈ బనియనే విధేయతకు రుజువన్న సిద్ధాంతం ఎంత గట్టిగా వేళ్ళూనుకుందంటే, దానికి ఆధారమేమిటని అడిగేవారు దాదాపు కనబడరు. అడిగి చూస్తే తేలేదేమిటంటే, ఒకరు జీతం తీసుకుని తొడుక్కునే పనిబట్టలను మరొకరు సొంత డబ్బు పోసి కొనుక్కుని, ఆ పని మాత్రం ముట్టుకోకుండా రెండున్నర గంటలు కుర్చీలో కూర్చుని లేచిపోతున్నారు.

ఆ వస్త్రాన్ని ఒకసారి చేతిలోకి తీసుకుని చూడటం మంచిది. అది పాలియెస్టర్ దారంతో నేసిన, ఒళ్ళంతా సన్నని రంధ్రాలున్న బట్ట. చంకల దగ్గర కోత లోతుగా ఉంటుంది, మెడ వెడల్పుగా ఉంటుంది, కుట్టిన వారి ధ్యాసంతా చెమట ఎంత తొందరగా ఆరిపోతుందన్న దానిమీదే ఉంటుంది. ఎన్‌బీఏలో, అంటే అమెరికా, కెనడాల 30 జట్లు ఆడే వృత్తి లీగులో, ఒక ఆట 12 నిమిషాల చొప్పున నాలుగు భాగాలుగా 48 నిమిషాలు సాగుతుంది. అంతసేపూ పరుగెత్తి, ఎగిరి, ఒకరినొకరు తోసుకునే మనిషికి ఆ రంధ్రాలు ప్రాణావసరం. అభిమానికి పట్టే చెమట పార్కింగ్ రుసుము చూసినప్పుడు పట్టేదే. పైగా డల్లాస్‌లోని అమెరికన్ ఎయిర్‌లైన్స్ సెంటర్, న్యూయార్క్‌లోని మాడిసన్ స్క్వేర్ గార్డెన్ వంటి అరీనాలలో ఐస్ హాకీ జట్లు కూడా కాపురముంటాయి. బాస్కెట్‌బాల్ రోజున మంచు పలకను కరిగించరు, దానిమీదే చలిని ఆపే పలకలు పరిచి, ఆ పైన చెక్కనేల బిగిస్తారు. అంటే చెమట కోసం చిల్లులు పెట్టిన బనియను తొడుక్కుని మంచుగడ్డ మీద కూర్చోవడం అక్కడ పరమభక్తి. చలికి తట్టుకోలేక పైన స్వెట్టరు వేసుకుంటే పేరూ నంబరూ మరుగున పడతాయి గనుక, పొడుగుచేతుల చొక్కా లోపలా బనియను పైనా తొడుక్కునే పద్ధతి వాడుకలోకి వచ్చింది. లోపలిది పైకి, పైది లోపలికి మారిన ఈ ఏర్పాటును అక్కడ ఎవరూ వింతగా చూడరు.

1891 డిసెంబరులో మసాచుసెట్స్ రాష్ట్రంలోని స్ప్రింగ్‌ఫీల్డ్‌లో జేమ్స్ నైస్మిత్ అనే వ్యాయామ ఉపాధ్యాయుడు వ్యాయామశాల బాల్కనీ కమ్మీలకు రెండు పీచ్‌పళ్ళ బుట్టలు కొట్టించి ఈ ఆటను మొదలుపెట్టినప్పుడు రాసిన పదమూడు నియమాలలో, చూసేవారి బట్టల గురించి ఒక్క ముక్క లేదు. 1930లలో మాడిసన్ స్క్వేర్ గార్డెన్‌లో కాలేజీ జట్ల పోటీలు వేలమందిని రప్పించిన రోజుల్లో మగవారు కోటూ టైతో, ఆఫీసుకు వెళ్ళినట్టే వెళ్ళారు. వారి విధేయతను ఎవరూ శంకించినట్టు లేదు. ఆటగాడి బనియను ప్రేక్షకుడి ఒంటిమీదికి పెద్దఎత్తున దిగింది 1980ల చివర, 90లలో, షికాగో బుల్స్ జట్టులో మైకేల్ జోర్డాన్ వేసుకున్న 23వ నంబరు ప్రపంచమంతా అమ్ముడుపోయిన కాలంలో. ఆ ఎర్ర ఎద్దు బొమ్మ హైదరాబాదు కోఠీ ఫుట్‌పాత్ దాకా వచ్చింది; అది ఏ ఊరి జట్టో కొన్నవారు అడగలేదు, అమ్మినవారు చెప్పలేదు, ఇద్దరికీ నష్టం లేకుండా బేరం ముగిసింది. న్యాయంగా చూస్తే, వేసవి మధ్యాహ్నం ఆ బనియను వేసుకుని సైకిలు తొక్కిన కుర్రవాడే దాని చిల్లులను సార్థకం చేసినవాడు.

విధేయతకు ధరల పట్టిక కూడా ఉంది. అచ్చువేసిన నంబరుతో చవకగా దొరికేదాన్ని రెప్లికా అంటారు. దానికన్నా మేలురకం స్వింగ్‌మ్యాన్, దాని ధర వంద డాలర్లు దాటుతుంది. ఆటగాడు వేసుకునేదానికి కొలతలతో సహా నకలుగా వచ్చేది ఆథెంటిక్, దానికి ఇంకా ఎక్కువ పోయాలి. అభిమానులలో ఆథెంటిక్ కొన్నవారు రెప్లికావారిని చూసే చూపు గురించి వేరే చెప్పనక్కరలేదు. అయితే ఆరున్నర అడుగుల ఎత్తున, కొవ్వు కానరాని శరీరానికి కత్తిరించిన ఆ బట్టను రోజంతా కంప్యూటరు ముందు కూర్చునే మనిషి పొట్టమీదికి లాగినప్పుడు, జట్టు పేరులోని నడిమి అక్షరాలు గుండ్రంగా ఉబికి, చివరి అక్షరాలు చంకల కిందికి జారుకుంటాయి. ఈ ఇబ్బందిని గ్రహించిన వ్యాపారులు 2013లో ఎదురుదారి పట్టారు: చేతులున్న జెర్సీ అయితే మామూలు జనం బజారులో కూడా వేసుకోగలరన్న లెక్కతో, అప్పటి తయారీదారు అడిడాస్ గోల్డెన్ స్టేట్ వారియర్స్‌తో మొదలుపెట్టి ఆటగాళ్ళ చేతనే చేతుల జెర్సీలు తొడిగించింది. అభిమాని సౌకర్యం కోసం ఆటగాడు బిగుతు చేతులతో బంతి విసరవలసి వచ్చిన ఈ ప్రయోగం గురించి పేరుమోసిన ఆటగాడు లెబ్రాన్ జేమ్స్ తన అభిప్రాయాన్ని 2015 నవంబరులో న్యూయార్క్ నిక్స్‌తో ఆట నడుస్తుండగానే, జెర్సీ రెండు చేతులనూ భుజాల దగ్గర చింపి ప్రకటించాడు. సమీక్ష అంతకన్నా క్లుప్తంగా రాయడం కష్టం.

జెర్సీ పోనీ, రంగైనా వేసుకోవాలంటారు గదా, ఏ రంగు అన్నదే ఇప్పుడు తేలదు. పూర్వం సొంత ఊళ్ళో ఆడే జట్టు తెలుపు, వచ్చిన జట్టు ముదురు రంగు వేసుకోవడం ఆనవాయితీ. లాస్ ఏంజెలెస్ లేకర్స్ వంటి జట్లు పసుపు వేసుకోవడం దానికి మినహాయింపు. 2017లో జెర్సీల కాంట్రాక్టు నైకీకి దక్కగానే ఈ ఇంటి బట్ట, బయటి బట్ట తేడా రద్దయి, అసోసియేషన్, ఐకాన్, స్టేట్‌మెంట్, సిటీ అన్న పేర్లతో తరగతులు పుట్టాయి. వీటిలో ఊరి చరిత్రకు ప్రతీక అని చెప్పే సిటీ ఎడిషన్ ఏటా కొత్తగా వస్తుంది. ఒక ఊరి ఆత్మ ఇంత క్రమం తప్పకుండా, సరిగ్గా అమ్మకాల కాలానికి ముందు, రంగు మార్చుకుంటుందని అంతకుముందు చరిత్రకారులకు తెలియదు. నిరుడు ఊరి ఆత్మను నూటికి పైగా డాలర్లిచ్చి కొన్న అభిమాని ఈ ఏడు అరీనాలోకి అడుగుపెట్టి చూస్తే, తన జట్టు వేరే రంగులోనూ ఎదుటి జట్టు తన చొక్కాకు దగ్గరి రంగులోనూ ఉండే అవకాశం లేకపోలేదు.

ఈ శాస్త్రంలోని అసలు రసం మాత్రం 2005 అక్టోబరు నాటి ఉత్తర్వులో ఉంది. ఆ ఏడు ఎన్‌బీఏ కమిషనర్ డేవిడ్ స్టెర్న్ ఆటగాళ్ళకు వస్త్రనియమావళి విధించాడు: జట్టు పనిమీద ఉన్నప్పుడు, గాయపడి బెంచీమీద కూర్చున్నప్పుడు సహా, మర్యాదస్తుల ఆఫీసు దుస్తులు వేసుకోవాలి, చేతుల్లేని చొక్కాలు, టీషర్టులు, నిక్కర్లు, టోపీలు, బయటికి వేలాడే గొలుసులు, నాలుగు గోడల మధ్య నల్లకళ్ళద్దాలు పనికిరావు. నిషిద్ధ వస్తువుల జాబితాలో జెర్సీ కూడా ఉంది. అంటే ఆటగాడు ఆడనప్పుడు వేసుకుంటే సంస్థ పరువు తీస్తుందని ఏ బట్టను బహిష్కరించారో, అదే బట్ట అదే భవనం కింది అంతస్తు దుకాణంలో, ఎప్పటికీ ఆడని మనిషికి గౌరవ చిహ్నంగా అమ్ముడుపోయింది. నల్లజాతి యువకుల వేషభాషలమీద గురిపెట్టిన ఉత్తర్వు ఇదని అప్పట్లో ఆటగాళ్ళలో కొందరు చేసిన విమర్శలో నిజముంది. కానీ వారు దానికి తీర్చుకున్న కసి అందమైనది. మర్యాదస్తుల దుస్తులే కావాలంటే అవే చూపిస్తామని పారిస్ దర్జీల కోట్లతో దిగారు. బస్సు దిగి దుస్తుల గదికి నడిచే సిమెంటు దారి నేడు ఫొటోగ్రాఫర్లు కాచుకుని ఉండే ఫ్యాషన్ వేదిక. ఆ దారిలో ఆటగాడు నడిచిపోతుంటే పైన వరసలలో ఇరవై వేలమంది అతడి పనిబట్టలు తొడుక్కుని ఎదురుచూస్తుంటారు. సొమ్మొకడిది సోకొకడిది అన్న సామెతకు ఇంత ఖరీదైన ఉదాహరణ దొరకదు.

కోర్టు అంచున, ఆటగాళ్ళ చెమట మీద పడేంత దగ్గరలో ఉండే సీట్లలో కూర్చునేవారిని చూసినా సంగతి బోధపడుతుంది. ఒక్క రాత్రికి వేల డాలర్లు పోసే ఆ వరసలో జెర్సీ వేసుకున్నవారు పలచగా ఉంటారు. దశాబ్దాల పాటు లేకర్స్ ఆటలకు వచ్చిన నటుడు జాక్ నికల్సన్‌కు కోటూ నల్లకళ్ళద్దాలూ చాలాయి, అతని విధేయతను ప్రశ్నించే సాహసం ఎవరూ చేయలేదు. నిక్స్ నారింజ, నీలం రంగుల్లో వచ్చే దర్శకుడు స్పైక్ లీ దీనికి మినహాయింపు. టొరంటో రాప్టర్స్ ఆటలకు 1995 నుంచి వస్తున్న నవ్ భాటియా సంగతి వేరు: 2021లో బాస్కెట్‌బాల్ హాల్ ఆఫ్ ఫేమ్ గుర్తించిన ఆ సిక్కు అభిమాని జెర్సీ వేసుకుంటాడు, నిజమే, కానీ జనం అతన్ని పోల్చుకునేది తలపాగాను బట్టి, ఆ తలపాగా ఏ జట్టు దుకాణంలోనూ దొరకదు.

ప్లేఆఫ్స్, అంటే సీజను చివర విజేతను తేల్చే పోటీలు, రాగానే ఎంపిక అన్న బాధ కూడా తప్పుతుంది. 2006లో మయామీ హీట్ అందరూ తెల్లబట్టల్లో రావాలని పిలుపునిచ్చి ఆ ఏడే విజేత కావడంతో, కారణమూ కార్యమూ కుదిరిపోయాయని అంతా నమ్మారు. నేడు చాలా అరీనాలలో సీటు సీటుకూ ఒకే రంగు టీషర్టు ముందే తొడిగి ఉంచుతారు. దానిమీద జట్టు నినాదంతో పాటు ఏదో ఒక బ్యాంకు పేరో బీమా సంస్థ పేరో ఉంటుంది. ఎవరి కొలతలు వారివన్న పట్టింపు లేకుండా ఒకటే పెద్ద సైజు. దాన్ని వేసుకోకుండా కూర్చున్నవాడిని కెమెరా వెతికి పట్టుకుని, నడినెత్తిన వేలాడే పెద్ద తెరమీద చూపించి, అతడు తలదూర్చేదాకా వేలమంది చేత అరిపించే ఆచారం కూడా కొన్నిచోట్ల పుట్టింది. ఊరందరిదీ ఒక దారి ఉలిపికట్టెది ఒక దారి అని తిట్టడానికి తెలుగువారు నోరు వాడతారు. అక్కడ దానికొక సాంకేతిక విభాగం ఉంది. టీవీలో అరీనా ఒకే రంగు తెరలా కనబడటమే దీని ప్రయోజనం గనుక, టికెట్టు కొన్నవాడు తెలియకుండానే ఆ కార్యక్రమంలో జీతంలేని అలంకరణ సామగ్రి అయ్యాడు.

ఇక వీపుమీది పేరు. జెర్సీ సిద్ధాంతం పూర్తిగా కూలేది ఇక్కడే. లెబ్రాన్ జేమ్స్ క్లీవ్‌లాండ్‌లో 23, 2010లో మయామీకి వెళ్ళి 6, 2014లో తిరిగివచ్చి మళ్ళీ 23, 2018లో లేకర్స్‌కు మారి 23, అక్కడే 2021లో 6, 2023లో ఇంకోసారి 23 వేసుకున్నాడు. అతని విధేయ అభిమానికి బీరువా చాలదు. 2010లో అతడు వెళ్ళిపోతున్నాడని టీవీలో ప్రకటించిన రాత్రి క్లీవ్‌లాండ్ వీధుల్లో అభిమానులు జెర్సీలు తగలబెట్టారు. వాటి డబ్బు ఎప్పుడో గల్లాపెట్టెలో చేరింది గనుక ఆ మంట వేడి అమ్మినవారికి తగలలేదు. కటౌటుకు పాలాభిషేకం చేసే తెలుగు సినిమా అభిమానిని చూసి నవ్వే చదువరులు ఒకటి గమనించాలి: ఆ కథానాయకుడు తెల్లారేసరికి పక్క రాష్ట్రపు అభిమాన సంఘానికి బదిలీ అయిపోడు.

డల్లాస్‌లో అదే జరిగింది. ఇర్వింగ్, ప్లేనో, ఫ్రిస్కో శివార్లలో స్థిరపడిన తెలుగు కుటుంబాల పిల్లలు సహా ఆ ఊరు ఊరంతా 77వ నంబరు వేసుకుంది. ఆ నంబరు ఆటగాడు లూకా డోన్చిచ్ 2024లో డల్లాస్ మావెరిక్స్‌ను ఫైనల్స్‌కు తీసుకువెళ్ళాడు. 2025 ఫిబ్రవరి ఆరంభంలో ఒక అర్ధరాత్రి, ఆటగాడికే ముందుగా తెలియకుండా, అతన్ని లేకర్స్‌కు ఇచ్చేసి ఆంథొనీ డేవిస్‌ను తెచ్చుకున్నారు. ఈ బేరం కుదిర్చిన అప్పటి జనరల్ మేనేజర్ నికో హారిసన్ డల్లాస్‌కు రాకముందు దాదాపు రెండు దశాబ్దాలు పనిచేసింది నైకీలో. ఒక్క రాత్రిలో ఊరి జెర్సీలన్నిటినీ పాతబట్టలుగా మార్చగలగడం ఆ అనుభవ ఫలమని ఎవరైనా అంటే కాదనడం కష్టం. మర్నాడు అభిమానులు అరీనా బయట శవపేటిక పెట్టి సంతాపం జరిపారు. వారు దాన్ని పెట్టింది డర్క్ నోవిట్స్కీ విగ్రహం ముందు. జర్మనీ నుంచి వచ్చి 21 సీజన్లూ ఒక్క డల్లాస్‌కే ఆడి విరమించిన అతని 41 తప్ప నమ్మదగిన జెర్సీ లేదని ఆ రోజు అందరికీ తట్టింది. విరమించినవాడి బనియనే కొనాలన్న సూత్రం అప్పటినుంచి పెద్దలు పిల్లలకు చెబుతున్నారు. బట్టల కొనుగోలులో విగ్రహాన్ని సలహా అడగవలసి రావడం ఆ వ్యాపారం స్థితిని చెబుతుంది.

అదే ఏడు ఏప్రిల్ 9న డోన్చిచ్ లేకర్స్ బట్టల్లో డల్లాస్‌కు ఆడవచ్చాడు. అతన్ని వదిలించుకున్న జట్టే ప్రతి సీటుమీదా ఒక టీషర్టు పరిచింది. దానిమీద అతని మాతృభాష స్లొవేనియన్‌లో, అన్నిటికీ ధన్యవాదాలు అని రాసి ఉంది. ఆ టీషర్టులూ పాత 77లూ వేసుకున్న వేలమంది, అతడు తమ జట్టుమీద 45 పాయింట్లు సాధిస్తుంటే లేచి నిలబడి చప్పట్లు కొట్టారు. డల్లాస్ 97-112తో ఓడిపోయింది. టీషర్టు మాత్రం ఉచితమే.