నల్లబల్ల చెప్పిన సి, జి ల కథ

నేను తిరుమలగిరిలో ఒక సర్కారు బడి నల్లబల్లను. పుట్టుకకు టేకు చెక్కను. చిత్రిక పట్టి, నల్లరంగు పూసి, మూడుకాళ్ల స్టాండు మీద నిలబెట్టారు. రంగు వెలిసినప్పుడల్లా పిల్లలు బొగ్గుపొడిలో దొండాకు పసరు కలిపి నా ఒంటికి రుద్దేవారు. పసరు ఆరేదాకా తరగతంతా పచ్చి వాసన. కిటికీ అవతల జనగామ–సూర్యాపేట రోడ్డు, మార్కెట్‌కు వడ్లు మోసుకుపోయే ట్రాక్టర్లు. నన్ను తెచ్చిననాడు మాది నల్లగొండ జిల్లా. 2016లో సూర్యాపేట జిల్లా అయింది, 2018లో ఊరు మున్సిపాలిటీ అయింది. పిల్లలు మాత్రం అప్పుడూ ఇప్పుడూ ఇంగ్లీషు 'సి' దగ్గర, 'జి' దగ్గర ఆగిపోతూనే ఉన్నారు.

ఒకరోజు సారు నా మీద సి, వై, సి, ఎల్, ఈ అని రాసి చదవమన్నాడు. మూడో వరుసలో ఒక పిల్ల లేచి కూడబలుక్కుని 'కైకిల్' అంది. తరగతి గొల్లుమంది. వాళ్లలో సగంమంది తల్లులు పొద్దున్నే కైకిలికి, అంటే కూలిపనికి, పోయేవాళ్లే. పిల్ల ముఖం ఎర్రబడింది, కానీ కూర్చోలేదు.

"గదేంది సారూ, క్యాట్‌ల క అంటిరి, గిప్పుడు స అంటున్రు. ఒక్క అచ్చరానికి రెండు తీర్లెందుకు?"

సారు కోప్పడలేదు. నవ్వినవాళ్లను ఊకోమన్నాడు. సుద్దముక్క తీసుకుని ఇంగ్లీషు మాట పక్కన తెలుగులో చాప, చీమ అని రాశాడు. "గట్టిగ చదువు బిడ్డా. నాలుక ఏడ తగులుతుందో చూస్కో." ఆ పిల్ల చదివింది. చాపలో నాలుక కొస పళ్ల వెనక తగిలింది. చీమలో నాలుక పైకి లేచి అంగిలిని తాకింది. రాతలో చ ఒక్కటే, నోట్లో రెండు. జొన్న, జీలకర్ర రాస్తే జ కూడా అంతే. ఇ, ఈ, ఎ, ఏ వస్తే అంగిలిని తాకే తాలవ్యం, అ, ఉ, ఒ లాంటివి వస్తే పళ్లను తాకే దంత్యం. చిన్నయసూరి బాలవ్యాకరణంలో పెట్టిన నియమమే ఇది. ఎవరూ నేర్పకుండానే మా పిల్లలు దాన్ని పాటిస్తున్నారు.

ఇంగ్లీషు సి, జి ల పద్ధతీ దాదాపు ఇదే. వాటి తర్వాత ఈ, ఐ, వై అనే అక్షరాలుంటే సి అక్షరం స అవుతుంది, జి అక్షరం జ అవుతుంది. మిగతా చోట్ల క, గ. సైకిల్‌లో మొదటి సి తర్వాత వై ఉంది, రెండో సి తర్వాత ఎల్ ఉంది. సర్కస్‌లోనూ అంతే. గ్యారేజ్‌లో జి రెండు రకాలుగానూ వినిపిస్తుంది.

కారణం నోట్లోనే ఉంది. క పలికేటప్పుడు నాలుక వెనకభాగం లేస్తుంది. వెంటనే ఇ రాబోతుంటే నాలుక ముందుకు జరుగుతుంది, దానితో క కూడా ముందుకు జరుగుతుంది. రోమన్లు సి ని ఎక్కడైనా క అనే పలికారు. మనం సిసెరో అనే రోమన్ వక్త వాళ్లకు కికెరో. తర్వాతి కాలంలో ఈ, ఐ ల ముందు అది ఇటలీలో చ అయింది, ఫ్రాన్సులో స అయింది. 1066లో నార్మన్లు ఇంగ్లండును గెలిచాక ఆ ఫ్రెంచి రాత ఇంగ్లీషులోకి వచ్చింది. అంతకుముందు ఎస్‌తో రాసిన 'ఐస్'కు కూడా ఫ్రెంచి పద్ధతిలో సి వచ్చి చేరింది.

సారు ఇక్కడ ఇంకో జత రాశాడు, నాకు బాగా ఇష్టమైంది: కన్నడంలో కెరె, తెలుగులో చెరువు. కన్నడంలో కివి, తెలుగులో చెవి. ఇ, ఎ ల ముందున్న పాత క మన నోట్లో చ అయింది. ఇటలీలో జరిగిందే మన దగ్గరా జరిగిందన్నమాట.

"మరి గెట్, గివ్, గిఫ్ట్?" అని వెనక బెంచీ అడిగింది. అవి ఫ్రెంచి దారిన వచ్చినవి కావు, స్కాండినేవియా నుంచి వచ్చిన నార్స్ జనాల సావాసంతో గట్టి గ నిలుపుకున్నవి. తెలుగులోనూ చలి అన్నప్పుడు దంత్యమే పలుకుతాం, సంస్కృతం నుంచి వచ్చిన చంద్రుడికి మాత్రం తాలవ్యం. నియమానికి లొంగని మాట కనపడితే అది ఎక్కడిదని అడగాలి, అంతేగాని ఇంగ్లీషుకు తలాతోకా లేదని తిట్టొద్దు. సారు లూనా బండి మీద కైనెటిక్ అని ఉండేది. ఆ మాటా, సినిమా అన్న మాటా ఒకే గ్రీకు మాట పిల్లలు. ఒకటి కె తో క నిలుపుకుంది, ఇంకొకటి ఫ్రెంచి సి తో స అయింది. గైడ్‌లో పలకని యు ఎందుకంటే, ఐ పక్కన ఉన్నా జి గట్టిగానే ఉండాలని చెప్పడానికి. ఆ సంగతి తెలియక గుయిడ్ అని చదివినవాళ్లను ఎందరినో విన్నాను. పాత బ్రిటిష్ రాతలో జైలుకు జి, ఏ, ఓ, ఎల్ అని ఉండేది. దాన్ని మాత్రం బట్టీ పట్టాల్సిందే.

2022-23 నుంచి తెలంగాణ సర్కారు బడుల్లో ఒకటి నుంచి ఎనిమిది దాకా ఇంగ్లీషు మీడియం మొదలైంది. పుస్తకంలో ఒక పేజీ ఇంగ్లీషు, ఎదురు పేజీ తెలుగు. ఇంట్లో ఇంగ్లీషు మాట వినిపించని పిల్లలకు ఇది పెద్ద బరువు. పిల్ల తప్పు చదివిందంటే చాలాసార్లు నియమం ఎవరూ చెప్పలేదనే అర్థం.

ఇంగ్లీషు చెప్పే సార్లకు, మేడమ్‌లకు నా మనవి ఒకటే. సి, జి చెప్పేనాడు ముందు నా మీద చాప, చీమ, జొన్న, జీలకర్ర రాయండి. పిల్లలతో గట్టిగా పలికించండి. క్యాట్, సిటీ ఆ తర్వాత రాయండి. తప్పు చదివిన పిల్లను చూసి ఎవరినీ నవ్వనివ్వకండి.