ఏవియానిక్స్ బే: పని ఎగ్గొట్టేవారి కరదీపిక

విమానంలో కాక్‌పిట్ కింద, ముందు చక్రం ముడుచుకునే చోటికి దగ్గర్లో ఓ ఇరుకు గది ఉంటుంది. ఏవియానిక్స్ బే అంటారు, బోయింగ్ మనుషులైతే ఈఈ బే అంటారు. ఫ్లైట్ కంప్యూటర్లు, జనరేటర్లను అదుపు చేసే పెట్టెలు, రేడియోలు, బ్యాటరీ అన్నీ అక్కడే అరల్లో బారులు తీరి ఉంటాయి. ప్రయాణికుడికి ఆ గది కనబడదు. పైలట్ దానిమీదే కూర్చుంటాడు కానీ అతనికీ కనబడదు. మేనేజర్ అందులోకి దూరడు, పొట్ట అడ్డం. ఎవరికీ కనబడని చోట ఒళ్లు వంచి పని చెయ్యడమంత దండగ ఇంకొకటి లేదు. కాబట్టి మెకానిక్ తమ్ముడూ, ఈ చిట్కాలు మనసులో పెట్టుకో. షిఫ్ట్ అయ్యేలోపే ఇంట్లో ఉంటావు.

1. పెట్టెను లాగు, మళ్లీ తొయ్యి.

లాగ్‌బుక్‌లో స్నాగ్ (లోపం) రాసి ఉందా? కారణం వెతక్కు. బాక్సు ముందున్న బిగింపులు వదులు చేసి, రెండంగుళాలు బయటికి లాగి, మళ్లీ లోపలికి నెట్టు. వెనక కనెక్టర్ పిన్నులు ఒకదానికొకటి రాసుకుని మురికి కాస్త పక్కకి జరుగుతుంది, స్క్రీన్ మీద తప్పు మాయమవుతుంది. 'రీర్యాక్ చేశాం, టెస్ట్ ఓకే' అని రాసి సంతకం పెట్టు. మళ్లీ వారానికి అదే స్నాగ్ వస్తుంది, వచ్చేనాటికి విమానం ఇంకో ఊళ్లో ఉంటుంది. అక్కడివాడూ మనవాడే, లాగి తోస్తాడు. ఒక వదులు వైరు ఇలా ఉచితంగా దేశాలన్నీ తిరిగొస్తుంది.

తొయ్యడం విసుగనిపిస్తే ఎడమ బాక్సు కుడికి, కుడిది ఎడమకి మార్చు. తప్పు బాక్సులో ఉందా, వైరులో ఉందా తేల్చుకోవడానికి పెద్దలు పెట్టిన పద్ధతి అది. నువ్వు మార్చడం వరకే చెయ్యి, తేల్చకు.

2. మణికట్టుకి పట్టీ కట్టుకోకు.

బాక్సు మీద స్టాటిక్ కరెంటు జాగ్రత్త అని పసుపు స్టిక్కర్ ఉంటుంది. అది అందానికి. మనిషికి దాదాపు 3,000 వోల్టులు దాటితేగాని వేలికి చురుక్కుమనదు, కొన్ని చిప్పులకు వంద లోపే చాలు. అంటే నీకేమీ తెలియదు. ఇంకా మంచిదేమిటంటే చిప్పు అప్పటికప్పుడు చావనక్కర్లేదు. సగం చచ్చి, నెలల తరబడి పనిచేసి, తర్వాత ఎప్పుడో పోతుంది. అప్పటికి నీ సంతకం పాత పేజీల్లో కలిసిపోయి ఉంటుంది.

3. పైన నీళ్లు, కింద కరెంటు: మధ్యలో నువ్వు దూరకు.

ఈ గది కట్టినవాళ్ల చమత్కారం చూడు. చాలా విమానాల్లో దీనికి సరిగ్గా పైనే వంటగదో మరుగుదొడ్డో ఉంటుంది. నీళ్లు కారితే పెట్టెల మీద పడకుండా మధ్యలో ఓ పందిరిలాంటి రేకు కడతారు, డ్రిప్ షీల్డ్ అని. దాన్ని చూడాలంటే టార్చి పట్టుకుని వెల్లకిలా పడుకోవాలి, మెడ పట్టేస్తుంది. చూడకు. పగులు కనబడిందని ఎవరైనా అంటే 'వెంట్రుక మందమే' అను.

ఈ చిట్కాకు ప్రపంచస్థాయి నిదర్శనం ఉంది. 2008 జనవరి 7న లండన్ నుంచి వస్తున్న క్వాంటాస్ 747 ఒకటి బ్యాంకాక్‌లో దిగబోతోంది. లోపల 365 మంది. ముందు వంటగది తూము గొట్టానికి చలికి గడ్డకట్టకుండా ఓ చిన్న హీటర్ ఉంటుంది, అది పనిచెయ్యడం లేదు. చిన్నదే కదా! గొట్టంలో మంచు పేరుకుంది, నీళ్లు వెనక్కి తన్ని నేలమీద పొంగాయి, కిందికి దిగాయి. కింద డ్రిప్ షీల్డ్ పగిలి ఉంది. చుక్కలు పోయి పోయి జనరేటర్ కంట్రోల్ యూనిట్ల మీదే పడ్డాయి. ఆ విమానానికి నాలుగు జనరేటర్లు, నాలుగూ ఒకేసారి పోవడం జరగదని పుస్తకాల లెక్క. మూడు పోయాయి. జంబో జెట్‌లో కొన్ని పరికరాలు బ్యాటరీల మీద నడిచాయి. పగటి పూట, వాతావరణం బాగుంది, రన్‌వే దగ్గర్లో ఉంది, అందరూ క్షేమంగా దిగారు.

గిట్టనివాళ్లు దీన్ని హెచ్చరిక అంటారు. వాళ్ల మాట పట్టించుకోకు. అదే వరస నడి సముద్రం మీద, అర్ధరాత్రి మొదలై ఉంటే అని లెక్కలు వేసేవాళ్లకి ప్రమోషన్ రాదు. నేర్చుకోవాల్సింది ఒకటే: హీటర్ ఒకడి పని, తూము ఇంకొకడి పని, రేకు మూడోవాడి పని. ముగ్గురూ తలా కాస్త వదిలేస్తే తప్పు ఎవరిదీ కాదు.

4. దుమ్ము దులపకు.

పెట్టెలు వేడెక్కకుండా ఫ్యాన్లు రోజంతా గాలి కొడుతూనే ఉంటాయి. గాలితో పాటు కార్పెట్ నూగు, జుట్టు, కాగితం ముక్కలు అన్నీ వచ్చి వైర్ల మీద పరుపులా పేరుకుంటాయి. నువ్వు డ్రిల్ చేసినప్పుడు రాలిన లోహపు పొట్టు కూడా అందులోనే కలిపెయ్యి. వైర్ల చుట్టూ శుభ్రం చెయ్యాలని అమెరికా ఎఫ్‌ఏఏ 2007లో ప్రత్యేకంగా నిబంధనే పెట్టింది. నిబంధన పెట్టారంటే అప్పటిదాకా ఎవరూ చెయ్యలేదనే కదా. ఆ సంప్రదాయాన్ని నిలబెట్టు.

అదే ఏడాది ఫిబ్రవరి 26న హీత్రోలో యునైటెడ్ వాళ్ల 777 ఇంజిన్లు స్టార్ట్ చేస్తుండగా కింది గదిలో పెద్ద కరెంటు స్విచ్చులు కాలిపోయాయి. కరిగిన లోహం ప్యానెల్ అడుగు నుంచి కారి, కింద పరిచిన ఇన్సులేషన్ దుప్పట్ల మీద పడి అంటుకుంది. విమానం ఇంకా నేల మీదే ఉంది కాబట్టి బతికిపోయారు. సరుకుల అరకి మంటలార్పే సీసాలుంటాయి. ఈ గదికి చాలా విమానాల్లో అవీ ఉండవు. సీసా పెట్టలేదంటే మంట రాదని కంపెనీకి గట్టి నమ్మకం. కంపెనీ నమ్మకాన్ని నువ్వెందుకు శంకించడం?

5. బ్రేకర్ ఎగిరితే మళ్లీ నొక్కు.

సర్క్యూట్ బ్రేకర్ మొండిది, రెండోసారికి మాట వింటుంది. వైరు కాలుతుండటం వల్లే ఎగిరిందేమో అన్న ఆలోచన రానివ్వకు. కాలిన వాసన వస్తే లాగ్‌లో ఓ ముక్క రాసి పంపెయ్యి, రాస్తే బాగుచేసినట్టే. ఫ్లోరిడాలో 2007 జులైలో ఓ సెస్నా 310కి సరిగ్గా ఇలాగే జరిగింది. వెదర్ రాడార్ దగ్గర కాలిన వాసన వచ్చింది, పైలట్ బ్రేకర్ లాగేసి, దిగాక స్నాగ్ రాశాడు. మర్నాడు ఎవరూ చూడకుండానే అదే విమానం మళ్లీ ఎగిరింది. పొగ కమ్మి ఇళ్ల మీద కూలింది. ఇద్దరు లోపల, ముగ్గురు కింద. స్నాగ్ మాత్రం చక్కటి చేతిరాతతో రాసే ఉంది.

6. టెస్ట్ అయ్యాక స్విచ్ ఎక్కడుంటే అక్కడే వదిలెయ్యి.

యథాస్థానంలో పెట్టడం తర్వాతివాడి బాధ్యత. 2005 ఆగస్టు 14న సైప్రస్ నుంచి బయల్దేరిన హీలియోస్ 737లో తెల్లవారుజామున ప్రెషర్ పరీక్ష చేశారు, స్విచ్ మాన్యువల్‌లోనే ఉండిపోయింది. పైకి ఎక్కేకొద్దీ లోపల గాలి పలచబడింది, పలచబడ్డ గాలికి పెట్టెలు చల్లబడవు కాబట్టి ఎక్విప్‌మెంట్ కూలింగ్ దీపం వెలిగింది. కింది గది తన భాషలో గాలి లేదని మొత్తుకుంటోంది. పైన మాత్రం ఫ్యాన్ పాడయిందనుకున్నారు. స్విచ్ ఆటోలో ఉందా అని నేల మీది ఇంజనీర్ అడిగితే, కూలింగ్ బ్రేకర్లు ఎక్కడున్నాయని కెప్టెన్ తిరిగి అడిగాడు. విమానం కూలి 121 మంది పోయారు. ఏ దీపం వెలిగితే దాన్నొక్కదాన్నే చూడు, అది ఎందుకు వెలిగిందో చూడకు.

7. వాయిదా వెయ్యి.

ఎంఈఎల్ అనే పుస్తకం బద్ధకస్తుడి భగవద్గీత. ఫలానా పరికరం పాడైనా ఇన్నాళ్లు ఎగరొచ్చని అందులో రాసి ఉంటుంది: బీ తరగతికి 3 రోజులు, సీకి 10, డీకి 120. పదో రోజు దాకా ముట్టుకోకు. పదో రోజున స్పేర్ పార్టు రాలేదను. ఒక్కొక్కటి విడిగా పాడైతే ఫరవాలేదని పుస్తకం అంటుంది, అలాంటివి నాలుగు ఒకేసారి వాయిదాలో ఉంటే ఏమవుతుందో ఆలోచించమని అంటుంది. రెండో వాక్యం దగ్గర పేజీ తిప్పెయ్యి.

8. మూత పెట్టు.

2013 జనవరిలో బోస్టన్‌లో జపాన్ ఎయిర్‌లైన్స్ 787 వెనక బేలో బ్యాటరీ మండింది. తొమ్మిది రోజులకి ఏఎన్ఏ 787 ముందు బేలో బ్యాటరీ పొగలు కక్కి తకమత్సులో అర్జెంటుగా దిగింది. ప్రపంచంలోని 787లన్నీ, మన ఎయిర్ ఇండియావి కూడా, నేలకు దిగిపోయాయి. చివరికి సెల్స్ మధ్య అడ్డుగోడలు, కొత్త ఛార్జర్, పైగా పొగ బయటికి పోయే గొట్టంతో స్టీలు పెట్టె అమర్చారు. అడ్డుగోడలు, ఛార్జరు మనకనవసరం. మూత పెట్టారన్న ముక్క గుర్తుపెట్టుకో, ఆడిటర్ వచ్చినప్పుడు పనికొస్తుంది.

9. మీ ఇంట్లోవాళ్లు ఎక్కే రోజు.

ఆ ఒక్క రోజు మాత్రం టార్చి తీసుకుని బేలోకి దూరు. డ్రిప్ షీల్డ్ అంచులు వేలితో తడుము. వైర్ల మీది నూగు తీసెయ్యి, ప్రతి బాక్సు బిగింపూ చూడు, వదులైన కనెక్టర్ మార్చు. చేసిందంతా లాగ్‌బుక్‌లో మాత్రం రాయకు. రాశావంటే రేపట్నుంచి రోజూ చెయ్యమంటారు.