ఎద్దులకు హ్యాండ్‌బ్రేక్ లేదు

2018లో లోకానికి కొత్త పూనకం పట్టింది. కదులుతున్న కారు తలుపు తీసుకుని దిగడం, దాని పక్కనే నడుస్తూ గెంతడం, ఆ గెంతులు ఫోనులో పట్టి జనం మీదికి వదలడం. పేరు కికీ ఛాలెంజ్. పాట కెనడా గాయకుడు డ్రేక్‌ది. మొదట షిగ్గీ అనే అమెరికా హాస్యనటుడు బుద్ధిగా వీధిలో నిలబడే ఆడాడు పాపం. కారును కలిపిన పుణ్యం తరవాతివాళ్లది. మనకు కారుందన్న సంగతి నలుగురికీ తెలియొద్దూ!

ముంబై, ఢిల్లీ, హైదరాబాద్ పోలీసులు లబోదిబోమంటూ హెచ్చరికలు పెట్టారు. ముంబై శివార్లలో రైలు దగ్గర ఆడిన ముగ్గురు కుర్రాళ్లచేత వసాయి కోర్టు రైల్వే స్టేషన్ ఊడిపించింది. చీపురు పట్టిన నాట్యానికి మాత్రం ఎవరూ సవాలు విసరలేదు.

ఈ సందట్లో జగిత్యాల జిల్లా లంబాడిపల్లి నుంచి ఓ చిట్టి చిత్రం దిగింది. ‘మై విలేజ్ షో’ వాళ్లది, దర్శకుడు శ్రీరాం శ్రీకాంత్. బురద మడిలో ఎడ్లు వాటి దారిన అవి నడుస్తుంటే, పక్కన గీల అనిల్, పిల్లి తిరుపతి స్టెప్పులేశారు. పెట్రోలు ఖర్చు లేదు, ట్రాఫిక్ జామ్ లేదు, పడితే మెత్తటి బురదే. స్టీరింగు వదిలేస్తే కారు స్తంభానికి గుద్దుకుంటుంది గానీ, ఎద్దుకు తన చాలు తెలుసు. ట్రెవర్ నోవా అంతటి అమెరికా టీవీ ఘనుడే అసలు విజేతలు వీళ్లేనని తేల్చేశాడు.

అసలు వినోదం ఆ తరవాతే మొదలైంది. “ఆహా, రైతులు కూడా!” అని మన టీవీలు నోరెళ్లబెట్టాయి. ఆ ‘కూడా’లో ఎంత ఔదార్యం! అంతకు కొన్నేళ్ల ముందు నుంచే కథ రాసుకుని, కెమెరా పెట్టి, ఎడిటింగ్ చేసి యూట్యూబులోకి వదులుతున్న బృందం అది. నగరం వెర్రిని మడిలో నిలబెట్టి వెక్కిరించింది. నగరం దాన్ని వెక్కిరింతని గుర్తుపట్టక, పల్లె అమాయకత్వమని మురిసి, ముద్దుచేసి, షేర్ కొట్టింది. తనను తిట్టిన తిట్టును తనే నలుగురికీ పంచిపెట్టడమంటే ఇదే.

స్టూడియోలో కూర్చున్నవాళ్లు అడిగిందల్లా, “ఆ స్టెప్పు ఎలా నేర్చుకున్నారు?” అని. ఆ మడికి నీళ్లెక్కడివని, ఆ వడ్లు ఎంతకు పోతాయని అడగాలంటే వాళ్లకు బ్యాక్‌గ్రౌండ్ మ్యూజిక్ కుదరదు.